కలభాషిణి జీవితము: గానవిద్యయు, కామరూపమును

నెల్లూరు మండలమునందలి బిట్రగుంటకు శాసనగౌరవము కలదు. శాలివాహనశకము 1278, అనగా క్రీ. శ. 1356లో, విజయనగర రాజవంశమునకు చెందిన రెండవ సంగముడు తన గురువైన శ్రీకంఠనాథుని ప్రేరణచే ఈ గ్రామమును బ్రాహ్మణులకు దానము చేసెను. ఆ తామ్రశాసనమును రచించినవాడు మాధవ సాయణుల సోదరుడైన భోగనాథుడు. దాత యెవరు, ప్రేరకుడెవరు, కవి యెవరు, సంవత్సరమేది అను ప్రశ్నలకు రాగిరేకులే సమాధానము చెప్పును. ఇట్టి ప్రమాణము చేతనున్నపుడు చరిత్రకారుని పని కొంత సుకరము. కాని లోకమున నెన్నడును పుట్టని యొక స్త్రీకి జీవితచరిత్ర వ్రాయవలసివచ్చినపుడు ప్రమాణమేది? ఆమెను పుట్టించిన కావ్యమే ఆమెకు శాసనము. ఆ శాసనమును సయితము రాగిరేకును చదివినంత శ్రద్ధతో, ఏ పంక్తి తరువాత ఏ పంక్తి యున్నదో గమనించుచు చదువవలెను. అట్లు చదువకపోవుటచే మన విమర్శలో నొక స్త్రీ జీవితము సగము మరుగున పడినదని మా యభిప్రాయము. ఆమె పింగళి సూరన కళాపూర్ణోదయమునందలి కలభాషిణి.

ఈ విషయమును మరల విచారించుటకు మమ్ము పురికొల్పినది గ్రంథము కాదు, ఒక హరికథ. కొన్ని యేండ్ల క్రిందట కొండబిట్రగుంట ప్రసన్న వేంకటేశ్వరస్వామి బ్రహ్మోత్సవములలో నారదగర్వభంగము కథగా చెప్పిరి. ఆంజనేయుని పాటకు శిల కరగుట, నారదుని వీణ అందు చిక్కుకొనుట, మరల పాడి దానిని విడిపించుకొనలేక దేవర్షి తెల్లబోవుట మొదలగు ఘట్టములకు జనము మిక్కిలి యానందించిరి. పిదప భాగవతారు కథను ద్వారకకు మరల్చి, నారదుడు శ్రీకృష్ణుని దేవేరులయొద్ద సంగీతము నేర్చెనని చెప్పగా, ముందు కూర్చున్న యొక వృద్ధురాలు “ఆయమ్మలకు నేర్పిందెవురు సామీ?” అని యడిగినది. సభ నవ్వినది. భాగవతారును నవ్వి, చిడతలు మ్రోగించి కథ సాగించెను. మాకు మాత్రమా ప్రశ్న నవ్వి విడువదగినదిగా తోచలేదు. గానమహిమ చెప్పు మన కథలలో శిల కరగుటను గూర్చి వినువారు పలువురు. ఆ విద్య యే చేతినుండి యే చేతికి వచ్చినదని యడుగువారు కొందరే. సూరన ఆ కొందరిలోనివాడని నిరూపించుటయే ఈ వ్యాసమున మేము తలపెట్టిన పని.

సూరన 16వ శతాబ్దివాడు. 8 ఆశ్వాసముల కళాపూర్ణోదయమును నంద్యాల కృష్ణమరాజునకు అంకితమిచ్చెను. ఇందలి ప్రధానకథ కవికల్పితము. అయినను దాని తొలిభాగమునకు ఆధారమైన నారద తుంబురుల గానస్పర్ధ పురాణములందున్నదే. లింగపురాణమునందును, అద్భుతరామాయణమునందును నారదుడు తుంబురునికి లభించిన ఆదరమును చూచి క్షోభించి, గానబంధువను పేరుగల ఉలూకమును ఆశ్రయించి సంగీతము నేర్చును. అంతటితో విద్య పూర్ణము కాక, తుదకు ద్వారకలో జాంబవతి, సత్యభామ, రుక్మిణులయొద్ద శిష్యుడగును. అద్భుతరామాయణమున నారదుని యపస్వరములచే నవయవములు విరిగిన రాగములు స్త్రీపురుషాకృతులతో కనబడును. సంగీతము తప్పినపుడు దేహములే భిన్నమగునను ఈ భావన మిక్కిలి గంభీరమైనది. గానము ఇచట నిజముగా మాంత్రికశక్తియే.

ఈ పురాణకథ తనంతట తాను సంపూర్ణము. అసూయ కలదు, తపస్సు కలదు, గురుశుశ్రూష కలదు, గర్వోపశమనము కలదు. ఇట్టి కథలో సూరన క్రొత్తగా నొక వ్యక్తిని ప్రవేశపెట్టెను. ద్వారకాపురమందలి వేశ్య, యువతి, కలభాషిణి. పురాణములయందామె లేదు. లేని వ్యక్తిని కవి యెందులకు కల్పించెనని అడుగుట విమర్శకుని ప్రథమకర్తవ్యము. శృంగారకథకు నాయిక కావలసియుండెను గనుక కల్పించెనని సులభముగా చెప్పవచ్చును. మేమును తరగతిలో పెక్కేండ్లు అట్లే చెప్పుచు వచ్చితిమి. ఆ సమాధానము చాలదని యిప్పుడు తలంచుచున్నాము. శృంగారనాయికయే కావలెనన్నచో ఆమెను సంగీతశాలకు కొనిపోవలసిన పనిలేదు. ఉద్యానవనము చాలును.

నిజమునకు కథ ఉద్యానవనముననే ఆరంభమగును. కలభాషిణి చెలులతో ఉయ్యాల లూగుచుండును. ఆకాశమున విమానముపై రంభా నలకూబరులు పోవుచుందురు. నారదుడు శిష్యుడైన మణికంధరుడను గంధర్వునితో అటనే సంచరించుచుండును. తనకు సాటి లేదన్న రంభ గర్వము నారదుని చెవిని పడుట, ఆమెకొక పోటీ కలుగునని యతడు పలుకుట, కలభాషిణి హృదయము నలకూబరునిపై నిలుచుట, ఇవి కథాబీజములు. ఉయ్యాల ఘట్టము ప్రసిద్ధమగుటచే పాఠకులు కలభాషిణిని అచటనే చూచి, అచటనే విడిచిపెట్టుచున్నారు. కాని ఆమె ఉయ్యాల దిగిన పిదప ఎచటికి పోయెనో చూడవలెను. నారదుని వీణ పట్టుకొని, అతని వెంట అంతఃపురములలోనికి పోయెను.

ఈ ప్రవేశమున సూరన చేసిన విపర్యయము గమనింపదగినది. అంతఃపురమున సంగీతనాట్యములు నేర్పుట అనగానే నెల్లూరి తిక్కన విరాటపర్వము జ్ఞప్తికి వచ్చును. అందు గురువు బృహన్నల, శిష్యురాలు ఉత్తర. స్త్రీల నడుమ మెలగుటకై అర్జునుడు పేడిరూపము తాల్పవలసివచ్చెను. సూరన కథలో గురువులు స్త్రీలు, శిష్యుడు దేవర్షి. విద్య రాణులయొద్ద నున్నది. మగవాడు దానికై వారి గడప యెక్కుచున్నాడు. పురాణముననే యున్న ఈ సంవిధానమునకు సూరన చేర్చినది రెండవ శిష్యురాలిని. వీణ మోయుటకని వచ్చిన పడుచు పాఠము వినుచుండును, విని నేర్చుకొనును. గురువు నారదునికే నేర్పుచున్నదని లోకమనుకొనును. విద్య మాత్రము వినువారందరిలో నాటుకొనును.

కవి కాలమున అంతఃపుర స్త్రీల కళాభ్యాసము ఊహామాత్రము కాదు. 1520 ప్రాంతమున విజయనగరమును చూచిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పాయెస్, రాజాంతఃపుర స్త్రీలకు నాట్యము నేర్పు మందిరమును వర్ణించియున్నాడు. కావున రుక్మిణీ సత్యభామల సంగీతశాలను చదువు ఆనాటి పాఠకునికి అది కేవలము దేవలోకపు ముచ్చటగా తోచియుండదు. రాణివాసమును, వేశ్యవాడయు రెండును ఆనాడు సంగీతమునకు నెలవులే. ఆ రెండిటి నడుమ పెద్ద గోడ కలదు. కలభాషిణి ఆ గోడను దాటినది వీణ చేతబట్టియే.

ఇక కథకు కీలకమైన ఘట్టమునకు వత్తము. విద్య ముగిసిన పిదప నారదునికొక సందేహము మిగిలినది. తాను తుంబురుని మించెనా లేదా? రాణులను నేరుగా నడిగినచో వారు మర్యాదకై మెచ్చుకొనవచ్చును. ఎదుట పొగడ్త, చాటున తీర్పు, ఈ భేదము నారదునివంటి లోకజ్ఞునికి తెలియనిది కాదు. అందుచే నతడు కలభాషిణికి కోరిన రూపము ధరించు శక్తినొసగెను. అంతఃపురములలో అన్యరూపమున మెలగి, తన గానమును గూర్చి వారు నిజముగా నేమనుకొనుచున్నారో తెలిసికొని రమ్మని పంపెను. ఆమె పోయి, విని, నారదునిదే మేలని వారు తలంచుచున్నారని వచ్చి చెప్పెను.

కళాపూర్ణోదయమును గూర్చి మాటలాడువారు ఈ కామరూపశక్తిని తరువాతి చిక్కులకు కవి యమర్చుకొనిన యంత్రముగా భావింతురు. యంత్రమగుట నిజమే. కాని ఆ శక్తి యే ప్రయోజనమున కీయబడినదో చూడుడు. శత్రుసంహారమునకు కాదు, నిధిని కనుగొనుటకు కాదు, ప్రియుని కూడుటకును కాదు. ఒక గాయకుని విద్యను గూర్చిన యథార్థమైన అభిప్రాయమును తెచ్చుటకు! మాయలకు కొదువలేని మన కథావాఙ్మయమున ఇంత సున్నితమైన ప్రయోజనమునకు వినియోగింపబడిన మాయను మేము వేరొకచోట చూడలేదు. విమర్శ యనునది యెంత దుర్లభమైన వస్తువో సూరన ఇంతకంటె చక్కగా చెప్పజాలడు. ఎన్ని సంవత్సరములు సాధన చేసినను, గురువులు రాణులైనను, విన్నవారు తన ముఖము చూడక చెప్పుమాట లభించినగాని కళాకారునికి శాంతి లేదు. ఆ మాట లభించుటకు మంత్రశక్తి కావలసివచ్చెను!

ఇచట కలభాషిణి స్థానమేమి? ఆమె దూతిక మాత్రమేనా? కాదని మా వాదము. రాణుల మాటలలో ఏది మెప్పు, ఏది దాక్షిణ్యము అని గుర్తింపగలిగినది తానును ఆ పాఠములు విన్నది గనుక. విద్య తెలియని పరిచారిక పోయినచో మాటలు మోసికొని వచ్చును; తీర్పు తేలేదు. నారదుడు మణికంధరుని విడిచి ఈమెను పంపుటకు అంతఃపురప్రవేశ సౌలభ్యమొక కారణము కావచ్చును. ఆమె శ్రవణశక్తిపై నతనికి గల విశ్వాసము రెండవ కారణము. కావున కలభాషిణిని సూరన తొలుత కల్పించినది సహృదయగా, సాక్షిగా. పురాణమున నారదుని గానమునకు సాక్షులు విరిగిన రాగమూర్తులు. సూరన కావ్యమున ఆ స్థానమున నొక స్త్రీ చెవి నిలిచినది.

తరువాతి కథ విదితమే. అదే కామరూపశక్తిని కలభాషిణి తన కోరికకై వాడుకొనెను. మణిస్తంభుడను సిద్ధుడు నలకూబరుని ఆశ చూపి ఆమెను సింహవాహనముపై కొనిపోయినది దేవికి బలి యిచ్చుటకు. ఆ యాపదనుండి బయటపడి ఆమె రంభారూపము దాల్చెను. ఆమెను కలసిన నలకూబరుడు నిజమైన నలకూబరుడు కాడు. తపోభ్రష్టుడై ఆ రూపము దాల్చిన మణికంధరుడు. మాయారంభయు మాయానలకూబరుడును ఒకరినొకరు నిజమని నమ్మి కూడిరి. నిజరంభ ఎదురుపడగా కలహము, శాపము. తుదకు మృగేంద్రవాహన సన్నిధిని కలభాషిణి ఆ జన్మను చాలించుకొనెను.

ఈ వృత్తాంతమును మోసమునకు తగిన శాస్తిగా చదువుట మిక్కిలి సులభము. వేశ్య గనుక కామించినది, కామించినది గనుక పడిపోయినది అని నీతి చెప్పి ముగింపవచ్చును. కాని కవి యమర్చిన పోలికను చూడవలెను. ఒకే శక్తి రెండుమారులు వాడబడినది. మొదటిమారు ఆమె రూపము మార్చుకొనినది ఇతరుల నిజమును వినుటకు. అపుడు ఆమెకు కోరిన ఫలము దక్కినది. రెండవమారు రూపము మార్చుకొనినది తన నిజమును దాచుటకు. అపుడు ఆమె పొందినదియు వేరొక మాయనే. దోషము కామమునందున్నచో ఉయ్యాల ఘట్టముననే కవి యామెను దండింపవలసియుండెను. ఆమె కోరికను సూరన నిందింపలేదు; మరుజన్మమున తీర్చినాడు కూడ. ఆమె తప్పినది వినుట మానుటయందు. ఎవరి కంఠమున మెప్పు ఉన్నదో, ఎవరి కంఠమున మర్యాద ఉన్నదో గుర్తింపగల చెవి, తన ప్రియుని కంఠము ఎవరిదో గుర్తింపలేకపోయెను. మణికంధరుడు ఆమెకు క్రొత్తవాడు కాడు; నారదుని శిష్యుడు, ద్వారకలో కలసి మెలగినవాడు. రూపము చూచిన కన్ను చెవిని కప్పివేసినది. గానవిద్యావతికి ఇంతకంటె పెద్ద స్ఖాలిత్యమేమున్నది?

దీనిపై నొక ఆక్షేపణము రావచ్చును. గానమును, కామరూపమును రెండు వేరు విషయములు. వానిని బలవంతముగా కలుపుచున్నామని కొందరనవచ్చును. మాయ గానమునకై పుట్టినదని కావ్యమే చెప్పుచుండగా కలిపినది మేము కాము, కవియే. వేరొక ఆక్షేపణము మరింత బరువైనది. కలభాషిణి మరుజన్మమున మదాశయ రూపానుభూతుల కూతురై, మధురలాలస యను రాజపుత్రికగా పుట్టి, కళాపూర్ణుడైన మణికంధరుని వరించును. వేశ్యగా నున్నంతకాలము పొందరాని గౌరవమును రాజకన్యగా పుట్టించి యిచ్చుటచే, విద్యకంటె పుట్టుకయే గొప్పదని కవి యొప్పుకొనినట్లు కాదా?

ఈ ప్రశ్నకు సంపూర్ణసమాధానము చెప్పగలమని మేము నటింపము. సూరన తన కాలపు సంఘమర్యాదలో నున్నవాడే. ఉన్నతవంశమున పుట్టినగాని రాణి కారాదన్న నియమమును అతడు త్రోసిపుచ్చలేదు. కాని ఆ మర్యాదలో నుండియే అతడొక వింత చేసెను. మధురలాలస యింకను పసిబిడ్డగా నుండగా, పూర్వజన్మస్మృతి నొసగు మణిహారము ఆమె వక్షమున నిలిచినంతనే, ఆ శిశువు రాజసభలో జరిగిన కథయంతయు చెప్పును. రాజునకు తానెవరో తెలియదు. సభకు తెలియదు. చెప్పునది బిడ్డ. చెప్పునది కలభాషిణి.

ఆమె పేరును ఇచట నొకమారు తలంపుడు. కలమనగా అవ్యక్తమధురమైన ధ్వని. కోకిల కూజితము, పసిపాప పలుకు, ఇట్టివానికి చెల్లు శబ్దము. పూర్వజన్మమున కలభాషిణి యన్నది వేశ్యాయువతి మృదుభాషణమునకు తగిన పేరుగా మనము చదివితిమి. శిశువు పలుకుటతో ఆ పేరున కర్థము తిరిగినది. అవ్యక్తముగా పలుకవలసిన శిశుకంఠమునుండి అతివ్యక్తమైన చరిత్ర వెలువడినది. తొలిజన్మమున ఆమె యితరుల తీర్పు విని నారదునికి చెప్పినది. మలిజన్మమున తన కథను తానే లోకమునకు చెప్పినది. రూపము మారినది, కులము మారినది, వాక్కు మారలేదు. జన్మను దాటి వచ్చినది ఆమె అందము కాదు, వాక్కే. పుట్టుకకు కవి యిచ్చిన గౌరవము ఒకవైపున నుండగా, ఈ వాక్కున కతడిచ్చిన గౌరవమును రెండవవైపున నుంచి తూచవలెను. మాకు రెండవదే బరువుగా కనబడుచున్నది.

ఇట్లు చదువక మన విమర్శ ఏల వేరుదారిని పోయినది? కట్టమంచి రామలింగారెడ్డిగారి కవిత్వతత్త్వవిచారము 1914లో వెలువడి, సూరన కల్పనాశక్తికి, కథాసంవిధానమునకు పట్టము గట్టినది. ఆ గ్రంథమునకు మనమందరము ఋణపడియున్నాము. ఆ వెలుగు కథాకల్పనపై నెక్కువగా ప్రసరించుటచే, పిదపవారు గొలుసులోని కొలుకులను లెక్కించుటలో నిమగ్నులైరి. ఏ కొలుకునకు ఏది తగిలినదో చెప్పుటలో, ఆ గొలుసు మొదట ఒక సంగీతశాలనుండి సాగినదను విషయము వెనుకబడినది. 2002లో వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షూల్మన్ గారలు ప్రకటించిన ఆంగ్లానువాదముచే ఈ కావ్యము తెలుగెరుగని పాఠకులకును చేరినది. కావున కలభాషిణి యెవరని మనలను ఇకపై ఇతరులు కూడ అడుగుదురు.

రెండవ కారణము కొంత అప్రియమైనది. కలభాషిణి వృత్తి మన పెద్దలలో పలువురకు ఇబ్బంది కలిగించినది. కల్పితస్త్రీ మాట అటుండ, నిజముగా జీవించిన విదుషీమణులకును ఇట్టి గతియే పట్టినది. తంజావూరి విజయరాఘవనాయకుని యాస్థానమున కనకాభిషేకమందిన రంగాజమ్మను, మరాఠా ప్రతాపసింహుని కాలపు ముద్దుపళనిని తలంపుడు. వీరేశలింగముగారు ముద్దుపళని కావ్యమును ఆమె వృత్తితో ముడివెట్టి నిందించిరి. గాయని బెంగుళూరు నాగరత్నమ్మ 1910లో రాధికాసాంత్వనమును పరిష్కరించి ప్రకటింపగా, మరుసటి యేడే అది నిషేధమునకు గురియై, స్వాతంత్ర్యకాలము వచ్చువరకు విముక్తి నొందలేదు. ఆమె కావ్యములోని విద్యను చూడుమనగా, లోకము కవయిత్రి కులమును చూచినది. కలభాషిణి విషయమున జరిగినదియు ఇదియే. ఆమె వేశ్య యన్న పదము చదువగానే మన పాఠము శృంగారమునకు తిరిగిపోయినది; ఆమె చేతిలోని వీణ కనబడలేదు.

సంగీతము నేర్చిన వేశ్యను కథలో చూచినపుడు, సంగీతము ఆమెకు అలంకారమని మనము భావించుట యలవాటు. రాజకుమారి నేర్చినచో విద్య యందుము. దేవర్షి నేర్చినచో తపస్సందుము. సూరన ముగ్గురినీ ఒకే శాలలో కూర్చుండబెట్టి, ఒకే పాఠము వినిపించెను. ఆ పాఠము నారదునికి గర్వోపశమనమైనది, రాణులకు గురుత్వమైనది, కలభాషిణికి వాక్కైనది. పరిశోధకవిద్యార్థులు ఈ కావ్యపు తొలిభాగమును కథాసంగ్రహముగా దాటిపోక, ఎవరు పాడుచున్నారు, ఎవరు వినుచున్నారు, విన్నమాట ఎవరికి చేరుచున్నది అను మూడు ప్రశ్నలతో పద్యము పద్యమును పరిశీలింపవలెనని మా ప్రార్థన. మా నిర్ణయములలో తప్పులున్నచో అట్టి పరిశీలనమే వానిని దిద్దగలదు.

కొండబిట్రగుంట వృద్ధురాలి ప్రశ్నకు వంశానుక్రమముతో సమాధానము చెప్పుట మావలన కాని పని. సూరన ఆ ప్రశ్నను ముందునకు త్రిప్పి, ఆ తల్లులయొద్ద నేర్చినదెవరని యడిగి, నారదుని పేరు ప్రక్కన నొక వీణమోపరి పేరు వ్రాసెను. ఆమెను పిలువనంపినవారు లేరు. పాఠము ఆమెకై చెప్పినవారును లేరు. విన్నది, నేర్చినది, రెండవజన్మమున నిండుసభలో నోరు విప్పినది. ఈ తడవ మరల ఆ కథ చెప్పువేళ భాగవతారు చిడతలు నిలిపి ఆమె పేరొకమారు చెప్పినచో, ముందువరుసలో కూర్చున్నవారు వినుటకు సిద్ధముగానే యుందురని మా నమ్మకము.